మైన్‌క్రాఫ్ట్‌లో మార్చిన పేరు కనిపించకపోతే అకౌంటు తీసేయకండి

సంపాదకులకు నమస్కారం.

బడులకు సెలవులిస్తే చాలు, మైన్‌క్రాఫ్ట్ ఆడే పిల్లలున్న ఇళ్లలో ఒక ఫిర్యాదు మొదలవుతుంది. “పేరు మార్చాను, వెబ్‌సైటులో మారింది, ఆటలో మాత్రం పాతదే వస్తోంది” అని. దానికి పిల్లలు తమకు తోచిన వైద్యం చేస్తారు. ఆటను తీసేసి మళ్లీ ఎక్కిస్తారు, కంప్యూటర్లో దొరికిన ఫోల్డర్లన్నీ చెరిపేస్తారు, కొత్త అకౌంటు తెరుస్తారు. అన్నిటికన్నా ఘోరం, “నేను మార్చిపెడతా, పాస్‌వర్డు చెప్పు” అన్న ముక్కూ మొహం తెలియని వాడికి పాస్‌వర్డు ఇచ్చేస్తారు. ఇందులో ఒక్కటీ అవసరం లేదు. చాలాసార్లు ఐదు నిమిషాల పని. సాయం పేజీలు ఇంగ్లిష్‌లో ఉండటం వల్ల, డబ్బు కట్టి ఆట కొనిచ్చిన తల్లిదండ్రులకు ఆ ఐదు నిమిషాల పని ఏమిటో తెలియడం లేదు. వారి కోసం, మన ఊళ్లలో స్నేహితుల కోసం చిన్న చిన్న సర్వర్లు (పలువురు నెట్ ద్వారా చేరి కలిసి ఆడే కంప్యూటర్లు) నడుపుతున్న కుర్రాళ్ల కోసం ఈ ఉత్తరం రాస్తున్నాను. కొంచెం పొడవైనా ప్రచురించాలని మనవి.

ఈ ఆటలో పేరు ఒక్కచోట ఉండదు. మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్‌లో అకౌంటును గుర్తించేది పేరు కాదు, యూయూఐడీ అనే 128 బిట్ల సంఖ్య. అంకెలూ అక్షరాలూ కలిపి 32 ఉండే ఆ గుర్తు అకౌంటుతో పాటే పుడుతుంది, పేరు ఎన్నిసార్లు మార్చినా అది మారదు. 2014 ఏప్రిల్‌లో వచ్చిన 1.7.6 వెర్షన్ నుంచి సర్వర్లు ఈ సంఖ్య ఆధారంగా పనిచేయడం మొదలైంది. ఆ పునాది పడ్డాకే, 2015 ఫిబ్రవరిలో, పేరు మార్చుకునే వీలు ఇచ్చారు. ఆధార్‌లో ఇంటిపేరు మార్పించుకున్నంత మాత్రాన బ్యాంకు పాసుబుక్కులో మారిపోదు కదా. నంబరు అదే ఉంటుంది, పేరును మాత్రం ఒక్కో ఆఫీసులో విడిగా సరిచేయించుకోవాలి. ఇక్కడా అదే పరిస్థితి. అకౌంటు ఉన్న కంపెనీ, అంటే మైక్రోసాఫ్ట్ దగ్గర ఒక పేరు, మీ కంప్యూటర్లో ఆటను తెరిచే ప్రోగ్రామైన లాంచర్ దగ్గర దాని నకలు, మీరు చేరే సర్వర్ దగ్గర ఇంకో నకలు ఉంటాయి. అందుకే “పేరు ఎందుకు మారలేదు” అన్న ప్రశ్నతో మొదలుపెడితే దారి దొరకదు. “పాత పేరు ఎక్కడ కనిపిస్తోంది” అని అడగాలి. ఆ జవాబును బట్టే మందు.

అంతకన్నా ముందు, మార్చింది సరైన పేరేనా అని చూసుకోవాలి. 2022 జూన్ 7 నుంచి కంప్యూటర్ కోసం జావా, బెడ్‌రాక్ ఎడిషన్లను ఒకే పొట్లంగా అమ్ముతున్నారు. రెండూ ఒకే మైక్రోసాఫ్ట్ అకౌంటు మీద నడుస్తాయి, ఒకే లాంచర్లో పక్కపక్కనే కనిపిస్తాయి. పేర్లు మాత్రం వేర్వేరు. జావాలో కనిపించేది మైన్‌క్రాఫ్ట్ వెబ్‌సైటులో పెట్టుకునే ప్రొఫైల్ పేరు. బెడ్‌రాక్‌లో కనిపించేది గేమర్‌ట్యాగ్, అంటే మైక్రోసాఫ్ట్ వారి ఎక్స్‌బాక్స్ ఆటల సేవలో పెట్టుకునే పేరు. ఒకటి మార్చితే రెండోది కదలదు. ఎక్స్‌బాక్స్ యాప్‌లో గేమర్‌ట్యాగ్ మార్చి, జావా తెరిచి వెతుక్కుంటే ఏళ్లు గడిచినా కొత్త పేరు రాదు. ఫోన్లో, టాబ్లెట్లో, ఆటల కన్సోల్లో ఆడేది బెడ్‌రాక్. లైనక్స్‌లో, మ్యాక్‌లో ఆడేది జావా. విండోస్‌లో రెండూ ఉంటాయి కాబట్టి గందరగోళం ఎక్కువగా అక్కడే. ఫిర్యాదు రాగానే “ఏ ఎడిషన్, ఏ పేరు మార్చావు” అని అడగండి. చాలా కేసులు ఈ ఒక్క ప్రశ్నతోనే తేలిపోతాయి.

జావా సంగతికొస్తే, మైన్‌క్రాఫ్ట్ వెబ్‌సైటులో లాగిన్ అయి ప్రొఫైల్ పేజీలో పేరు మార్చుకోవాలి. దీనికి డబ్బు కట్టక్కర్లేదు. పేరులో 3 నుంచి 16 అక్షరాలు ఉండొచ్చు. ఇంగ్లిష్ అక్షరాలు, అంకెలు, కింది గీత, అంతే. ఖాళీ జాగాలు, చుక్కలు, బొమ్మలు ఒప్పుకోదు. 30 రోజులకు ఒక్కసారి మాత్రమే మార్చగలం. చిన్న అక్షరాన్ని పెద్దక్షరం చేసుకున్నా అది కూడా ఒక మార్పు కిందే లెక్క. మార్చే బటన్ పనిచేయకపోతే ముందు ఈ 30 రోజుల లెక్క చూడండి. మార్చాక పేజీని మూసి, మళ్లీ తెరిచి, కొత్త పేరు అక్కడ నిలిచిందో లేదో చూడాలి. నిలవకపోతే మార్పే జరగలేదన్నమాట. అప్పుడు ఆటలో వెతికి ప్రయోజనం లేదు, పేరు వేరొకరు తీసుకుని ఉన్నారేమో, అక్షరాల నియమం తప్పిందేమో వెబ్‌సైటులోనే తేల్చుకోవాలి.

ఇంకొక లెక్క కూడా పిల్లలకు ముందే చెప్పాలి. వదిలేసిన పాత పేరు 37 రోజులపాటు ఇంకెవరికీ దొరకదు. మీకూ 30 రోజులు మార్చే వీలు లేదు కాబట్టి, మనసు మారితే పాత పేరు వెనక్కి తెచ్చుకోవడానికి మీకే ప్రత్యేకంగా మిగిలేది చివరి 7 రోజులు. ఆ గడువు దాటితే ఆ పేరు బజారులో ఉన్నట్టే. ఎవరైనా తీసుకోవచ్చు. ఈ నియమం వల్ల సర్వర్ నడిపేవారికి వచ్చే చిక్కు కిందికి వచ్చాక చెబుతాను.

వెబ్‌సైటులో కొత్త పేరు ఉంది, ఆటలో లేదు అనుకోండి. ఆట తెరిచే క్షణంలో లాంచర్ తన దగ్గరున్న పేరును ఆటకు అందిస్తుంది. ఆ తర్వాత ఆట మూసేదాకా అదే పేరు. మధ్యలో మీరు బ్రౌజర్లో ఎన్ని మార్చినా, నడుస్తున్న ఆటకు ఆ కబురు అందదు. కాబట్టి మొదటి పని ఆటను పూర్తిగా మూయడం. ముఖ్య మెనూకు రావడం చాలదు, కిటికీయే మూసేయాలి. లాంచర్‌ను కూడా మూయాలి. తర్వాత ఇంటర్నెట్ ఉందని చూసుకుని లాంచర్ తెరవాలి. నెట్ లేకపోతే లాంచర్ పాత వివరాలతోనే ఆటను తెరుస్తుంది, పేరు కూడా పాతదే వస్తుంది.

అయినా మారకపోతే లాంచర్ సెట్టింగుల్లో అకౌంట్ల జాబితాకు వెళ్లి లాగౌట్ అయి, మళ్లీ లాగిన్ అవ్వాలి. లాగిన్ అయినప్పుడు లాంచర్‌కు టోకెన్ అనే తాత్కాలిక ప్రవేశపత్రం లాంటిది వస్తుంది, దాని ఆయుష్షు 24 గంటలు. కొత్తగా లాగిన్ అయితే కొత్త టోకెన్, దాంతోపాటు కొత్త ప్రొఫైల్ వివరాలు వస్తాయి. ఇదే జాబితాలో ఇంకో విషయం కూడా చూడండి. ఒకే కంప్యూటర్ను అన్నదమ్ములిద్దరూ వాడే ఇళ్లలో లాంచర్లో రెండు అకౌంట్లు ఉంటాయి. పేరు మార్చింది ఒక అకౌంటుకు, ఆడుతున్నది ఇంకో అకౌంటుతో అయి ఉంటుంది. ప్రిజమ్ లాంటి వేరే లాంచర్లు వాడేవారు అకౌంట్ల నిర్వహణ పేజీలో రిఫ్రెష్ నొక్కితే చాలు, అదీ కుదరకపోతే అకౌంటును అక్కడి నుంచి తీసి మళ్లీ చేర్చాలి. లాంచర్ జాబితా నుంచి తీయడం అంటే అకౌంటును రద్దు చేయడం కాదు, భయపడక్కర్లేదు.

పరీక్షించే పద్ధతి ఒకటుంది. సింగిల్ ప్లేయర్ ప్రపంచం ఒకటి తెరిచి, టీ మీట నొక్కి చాట్‌లో ఏదైనా ఒక మాట రాసి పంపండి. మాట పక్కన పేరు కనిపిస్తుంది. అక్కడ కొత్త పేరు ఉంటే మీ కంప్యూటర్ వరకు పని పూర్తయింది. ఇక పాతది ఎక్కడ కనిపించినా తప్పు సర్వర్ వైపుది. ఇక్కడే పాత పేరు ఉంటే సర్వర్ నడిపే అడ్మిన్‌ను వేధించి లాభం లేదు, మళ్లీ లాగౌట్, లాగిన్ దగ్గరికే వెళ్లాలి. పేర్లు వెతికిపెట్టే బయటి వెబ్‌సైట్లను మాత్రం రుజువుగా తీసుకోకండి. అవి తమ దగ్గర దాచుకున్న పాత వివరాలు చూపిస్తుంటాయి. పైగా ఒక అకౌంటుకు గతంలో ఉన్న పేర్లన్నీ చెప్పే సదుపాయాన్ని 2022 సెప్టెంబరులో కంపెనీయే మూసేసింది.

ఆఖరి ప్రయత్నంగా లాంచర్ దాచుకున్న అకౌంట్ల ఫైలును పక్కకు జరపవచ్చు. విండోస్‌లో ఆట ఫోల్డర్ యాప్‌డేటాలో ఉంటుంది. అందులో ‘లాంచర్ అకౌంట్స్’ పేరుతో మొదలయ్యే జేసన్ ఫైలును లాంచర్ మూసి ఉన్నప్పుడు వేరే చోటికి మార్చి, లాంచర్ తెరిచి లాగిన్ అవ్వాలి. మైక్రోసాఫ్ట్ స్టోర్ నుంచి దించుకున్న లాంచర్‌కు ఆ ఫైలు పేరు చివర స్టోర్ అన్న మాట ఉంటుంది. ఇదే ఫోల్డర్లో ‘సేవ్స్’ అని ఇంకొకటి ఉంటుంది. దాని జోలికి వెళ్లకండి. పిల్లలు నెలల తరబడి కట్టుకున్న ప్రపంచాలన్నీ అందులోనే ఉంటాయి, పేరుకూ దానికీ ఏ సంబంధమూ లేదు.

ఇప్పుడు సర్వర్. అసలు అకౌంట్లను తనిఖీ చేసే సర్వర్, అంటే ఆన్‌లైన్ మోడ్ పెట్టిన సర్వర్, మీరు చేరే సమయంలో కంపెనీ సెషన్ సర్వర్‌ను అడిగి మీ సంఖ్య, పేరు తెచ్చుకుంటుంది. మీరు లోపల ఉండగా పేరు మార్చితే బయటికి వెళ్లి మళ్లీ చేరేదాకా అందరికీ పాతదే కనిపిస్తుంది. ‘ఇన్‌వాలిడ్ సెషన్’ అని గెంటేస్తే అది నిషేధం కాదు. మీ టోకెన్ పాతబడిందని అర్థం, ఆటనూ లాంచర్‌నూ మూసి తెరవమని ఆ సందేశంలోనే రాసి ఉంటుంది.

సరిగ్గా చేరినా పాత పేరే కనిపిస్తే మొదట అనుమానించాల్సింది ముద్దుపేరు ప్లగిన్‌ను (ప్లగిన్ అంటే సర్వర్‌కు అదనపు సదుపాయాలు చేర్చే చిన్న ప్రోగ్రామ్). ఎసెన్షియల్స్ వంటి ప్లగిన్లలో ‘నిక్’ ఆదేశంతో పెట్టుకున్న పేరు యూయూఐడీకి అతుక్కుని ఉంటుంది. అసలు పేరు మారినా పైన ఆ నిక్ అలాగే నిలిచిపోతుంది. స్లాష్ కొట్టి ‘నిక్ ఆఫ్’ అని రాస్తే తొలగిపోతుంది, ఆటగాడికి అనుమతి లేకపోతే అడ్మిన్ తీయాలి. ఎంతోమంది అడ్మిన్లు ఈ చిన్న విషయాన్ని వదిలేసి సర్వర్ ఫైళ్లన్నీ తవ్వుతారు.

వైట్‌లిస్టు (లోపలికి రానిచ్చేవారి జాబితా), ఆప్స్ (అడ్మిన్ అధికారాలున్నవారి జాబితా), నిషేధాల జాబితా ఫైళ్లలో సంఖ్య, పేరు పక్కపక్కన రాసి ఉంటాయి. ఆన్‌లైన్ మోడ్‌లో సర్వర్ చూసేది సంఖ్యనే. ఫైలులో పాత పేరు కనిపించినా ఆటగాడు లోపలికి రాగలడు, అధికారాలూ పోవు. కంటికి ఇబ్బందిగా ఉంటే జాబితా నుంచి తీసి కొత్త పేరుతో చేర్చుకోవచ్చు. సర్వర్ నడుస్తుండగా ఆ ఫైళ్లను చేత్తో దిద్దితే సర్వర్ వాటి మీద మళ్లీ తన ప్రతి రాసేయవచ్చు కాబట్టి ఆదేశాలతోనే చేయడం మేలు. ‘యూజర్‌క్యాష్’ అనే ఫైలు వేరు. పేరుకూ సంఖ్యకూ ఉన్న జోడీని సర్వర్ అందులో ఒక నెల గడువుతో గుర్తుపెట్టుకుంటుంది. కొన్ని ప్లగిన్లు పేరు కోసం అందులోకే చూస్తాయి. సర్వర్‌ను ఆపి, ఆ ఫైలును పక్కకు జరిపి, తిరిగి మొదలుపెడితే కొత్తది తయారవుతుంది. నష్టమేమీ లేదు.

నిజంగా కష్టపెట్టేది స్కోర్‌బోర్డు. మైన్‌క్రాఫ్ట్ ఆటగాళ్ల స్కోర్లను సంఖ్యతో కాదు, పేరుతోనే రాసుకుంటుంది. జట్లు కూడా అంతే. పేరు మార్చుకున్న ఆటగాడు చేరగానే అతని స్కోరు ఏమీ లేనట్టు కనిపిస్తుంది, పాత పేరు మీద పాత స్కోరు అలాగే మిగిలి ఉంటుంది. “నా పాయింట్లు పోయాయి” అన్న ఏడుపులన్నీ ఇక్కడివే. దీన్ని అడ్మిన్ సరిచేయగలడు. ‘స్కోర్‌బోర్డ్ ప్లేయర్స్ ఆపరేషన్’ అన్న ఆదేశం రాసి, దాని తర్వాత వరుసగా కొత్త పేరు, ఆబ్జెక్టివ్ (ఒక్కో రకం స్కోరు లెక్క) పేరు, సమానం గుర్తు, పాత పేరు, మళ్లీ అదే ఆబ్జెక్టివ్ పేరు ఇవ్వాలి. ఎన్ని ఆబ్జెక్టివ్‌లు ఉంటే అన్నిసార్లు చేయాలి. అన్నీ చేరాయని చూసుకున్నాక ‘స్కోర్‌బోర్డ్ ప్లేయర్స్ రీసెట్’ తర్వాత పాత పేరు రాసి దాన్ని తుడిచేయాలి. జట్టులో ‘టీమ్ జాయిన్’తో కొత్త పేరును చేర్చి, ‘టీమ్ లీవ్’తో పాత పేరును తీసేయాలి.

తుడవడం మరిచిపోకూడదని గట్టిగా ఎందుకు అంటున్నానంటే, పైన చెప్పిన 37 రోజుల లెక్క. గడువు దాటాక ఆ పాత పేరును వేరే ఎవరో తీసుకుని మీ సర్వర్లోకి వస్తే, ఆ స్కోరు, ఆ జట్టు సభ్యత్వం వాడివే అవుతాయి. సొంతంగా రాసుకున్న ప్లగిన్లలో, స్క్రిప్టుల్లో “ఈ పేరు వాడికి తలుపు తెరువు” అని పేరుతో రాసుకుంటే పరిస్థితి ఇంకా ప్రమాదకరం. అడ్మిన్ గదికి తాళం ఒక అపరిచితుడి చేతికి వెళ్తుంది. పేరు మీద కాకుండా యూయూఐడీ మీద అనుమతులు రాయండి. ఇప్పటికే పేరు మీద రాసి ఉంటే ఆటగాడు పేరు మార్చుకున్న రోజే దిద్దండి.

ఆన్‌లైన్ మోడ్ ఆపేసిన సర్వర్ల కథ పూర్తిగా వేరు. అక్కడ కంపెనీని అడిగేవారే ఉండరు. ఆటగాడి పేరు ముందు ‘ఆఫ్‌లైన్‌ప్లేయర్’ అన్న మాట చేర్చి, దాని నుంచి ఎండీ5 అనే లెక్క పద్ధతిలో సర్వరే ఒక సంఖ్య తయారు చేసుకుంటుంది. పేరులో ఒక్క అక్షరం మారినా, చిన్నది పెద్దదైనా, సంఖ్య మొత్తం మారిపోతుంది. అప్పుడు ఆ ఆటగాడు సర్వర్ దృష్టిలో కొత్త మనిషి. సంచీ ఖాళీ, అనుభవం సున్నా, పెంచుకున్న కుక్క కూడా యజమానిగా గుర్తించదు. ఇది చెడిపోవడం కాదు, ఆ పద్ధతే అంత. సరిచేయాలంటే ఆటగాణ్ని కొత్త పేరుతో ఒకసారి చేరి వెళ్లమనాలి, సర్వర్ ఆపాలి, ప్రపంచం ఫోల్డర్‌ను మొత్తంగా ఒక నకలు తీసి పెట్టుకోవాలి. చాలా వెర్షన్లలో ఆ ఫోల్డర్ లోపల ‘ప్లేయర్‌డేటా’ ఉంటుంది, అందులో ఒక్కో ఆటగాడికి యూయూఐడీ పేరుతో ఒక ఫైలు ఉంటుంది. పాత సంఖ్య ఫైలుకు కొత్త సంఖ్య పేరు పెట్టి, కొత్త దాని స్థానంలో ఉంచాలి. ‘స్టాట్స్’, ‘అడ్వాన్స్‌మెంట్స్’ ఫోల్డర్లలోనూ ఇదే పని చేయాలి. కుక్కలు, పిల్లులు మాత్రం పాత సంఖ్యనే యజమానిగా పెట్టుకుని ఉంటాయి, అవి ఈ పనితో తిరిగిరావు.

ఏ రకం సంఖ్యో తెలుసుకోవడానికి సులువైన గుర్తు ఉంది. యూయూఐడీని అడ్డగీతలతో ఐదు గుంపులుగా రాస్తారు. మూడో గుంపు మొదటి అంకె 4 అయితే అది అసలు అకౌంటుది, 3 అయితే సర్వర్ సొంతంగా తయారు చేసుకున్నది. బంజీకార్డ్, వెలాసిటీ వంటి ప్రాక్సీల (ఆటగాళ్లను ముందు తాము చేర్చుకుని వెనక సర్వర్లకు పంపే ప్రోగ్రామ్‌ల) వెనక కొన్ని సర్వర్లు కలిపి నడిపేవారు దీన్ని తప్పక చూడాలి. వెనక ఉన్న సర్వర్లను ఆఫ్‌లైన్ మోడ్‌లోనే పెట్టాలి, అది సరైనదే. కానీ ఆటగాడి వివరాలు ముందున్న ప్రాక్సీ నుంచి వెనక్కి అందేలా ఫార్వార్డింగ్ అమర్చకపోతే, వెనక సర్వర్ మూడో గుంపు 3తో మొదలయ్యే సంఖ్యలు పుట్టిస్తుంది. ఎవరూ పేరు మార్చుకోనంతకాలం అంతా బాగానే నడిచినట్టు ఉంటుంది. మొదటి ఆటగాడు పేరు మార్చుకున్న రోజు అతని సామానంతా మాయమవుతుంది. ఫార్వార్డింగ్‌ను ప్రాక్సీలోనూ వెనక సర్వర్లోనూ రెండు చోట్లా పెట్టాలి, ఒక్కచోట పెడితే పనిచేయదు. ఆటగాళ్లు చేరాక దీన్ని మార్చితే అందరి సంఖ్యలూ మారతాయి కాబట్టి, సర్వర్ తెరవకముందే చూసుకోవాల్సిన పని ఇది.

కొన్ని చోట్ల పాత పేరు ఎప్పటికీ ఉంటుంది. సంతకం చేసిన పుస్తకం మీద రచయిత పేరు రాతగానే నిలిచిపోతుంది. సర్వర్ లాగ్ ఫైళ్లలో పాత పేరు ఉంటుంది. బోర్డుల మీద చేత్తో రాసినవి ఎలాగూ ఉంటాయి. వీటిని చూసి పేరు మారలేదని అనుకోవద్దు.

బెడ్‌రాక్‌లో పని కొంచెం తేలిక. గేమర్‌ట్యాగ్‌ను ఎక్స్‌బాక్స్ యాప్‌లోనో, ఎక్స్‌బాక్స్ వెబ్‌సైటులోనో మార్చాలి. అకౌంటు తెరిచినప్పుడు కంపెనీయే పెట్టిన పేరైతే మొదటిసారి ఉచితం, ఆ తర్వాత డబ్బు కట్టాలి. అందుకే మొదటి మార్పును తొందరపడి వాడేయొద్దని పిల్లలకు చెప్పండి. గేమర్‌ట్యాగ్‌కు 12 అక్షరాలే హద్దు. అదే పేరు ముందే ఎవరికైనా ఉంటే మీ పేరు చివర హ్యాష్ గుర్తు, కొన్ని అంకెలు వచ్చి చేరతాయి, అది తప్పు కాదు. మార్చాక ఆట సెట్టింగుల్లోని అకౌంటు పేజీలో సైన్ అవుట్ చేసి, యాప్‌ను వెనక నడుస్తున్న యాప్‌ల జాబితా నుంచి కూడా తోసేసి, తెరిచి సైన్ ఇన్ అవ్వాలి. మార్పు జరిగిన ఫోన్లోనే కాదు, ఆ అకౌంటు వాడే ప్రతి ఫోన్లో, టాబ్లెట్లో ఇదే చేయాలి. సైన్ ఇన్ కాకుండా ఆడితే ఆ ఫోన్లో పెట్టుకున్న స్థానిక పేరే కనిపిస్తుంది. ఒక్క హెచ్చరిక. ఆండ్రాయిడ్‌లో యాప్‌ను అన్‌ఇన్‌స్టాల్ చేస్తే అందులో కట్టిన ప్రపంచాలు కూడా పోతాయి. పేరు కోసం ఆ పని అస్సలు చేయకూడదు. ఇంకేదైనా కారణంతో తప్పనిసరైతే ప్రపంచం పక్కనున్న పెన్సిల్ గుర్తు నొక్కి, ‘ఎక్స్‌పోర్ట్ వరల్డ్’తో ఒక ప్రతి బయట దాచుకున్నాకే తీయాలి.

మిగిలిన ఆటల్లోనూ సూత్రం ఇదే, పేరు ఉండే చోటు వేరు. స్టీమ్‌లో లాగిన్ అయ్యే అకౌంటు పేరు ఎన్నటికీ మారదు, మారేది ప్రొఫైల్ పేరు మాత్రమే. అది మారినా ఆట సర్వర్ నుంచి బయటికి వచ్చి చేరేదాకా లోపల పాతదే ఉండొచ్చు. ఒక్క స్నేహితుడికే పాత పేరు కనిపిస్తోందంటే, అతను తన జాబితాలో మీకు పెట్టుకున్న నిక్‌నేమ్ అది. తీయాల్సింది అతనే. ఫోర్ట్‌నైట్‌ను ఎక్స్‌బాక్స్ మీదో, ప్లేస్టేషన్ మీదో ఆడితే కనిపించేది ఆ కన్సోల్ అకౌంటు పేరు, కాబట్టి ఆ ఆట తయారీ కంపెనీ ఎపిక్ వెబ్‌సైటులో మార్చినది అక్కడ కనిపించదు. ప్లేస్టేషన్‌లో ఆన్‌లైన్ ఐడీ మార్చే వీలు 2019 ఏప్రిల్‌లో వచ్చింది, మొదటిసారి ఉచితం. అయితే 2018 ఏప్రిల్ 1కి ముందు వచ్చిన పీఎస్4 ఆటలు కొత్త ఐడీని సరిగా చూపిస్తాయన్న భరోసా లేదు, కొన్నింటిలో ఆటలో సాధించినదే పోయే ప్రమాదం ఉందని కంపెనీయే చెప్పింది. మార్చే ముందు ఇంట్లో ఉన్న పాత ఆటల పేర్లు సమస్యలున్న ఆటల జాబితాలో ఉన్నాయేమో చూసుకోవాలి. మన దగ్గర ఎక్కువమంది ఆడే బీజీఎంఐలో పేరు మారేది రీనేమ్ కార్డుతో, ఫ్రీ ఫైర్ మ్యాక్స్‌లో నేమ్ చేంజ్ కార్డుతో. లాగిన్ కోసం వాడే ఫేస్‌బుక్ పేరో, గూగుల్ పేరో మార్చితే ఆటలో ఏమీ మారదు.

ఈ ఫోన్ ఆటల్లో ఇంకో రకం ఫిర్యాదు ఉంది. పేరు మారింది, కానీ అవతలివారికి ఖాళీ డబ్బాలుగా కనిపిస్తోంది. అలంకారం కోసం ఏదో వెబ్‌సైటు నుంచి తెచ్చి అతికించిన వింత అక్షరాలే కారణం. అవి మామూలు ఇంగ్లిష్ అక్షరాలు కావు, యూనికోడ్‌లో వేరే చోట ఉన్న గుర్తులు. అవతలి ఫోన్లో ఆ గుర్తులకు ఫాంట్ లేకపోతే డబ్బా వస్తుంది. ఖాళీగా కనిపించే పేర్ల కోసం కొరియన్ లిపిలోని కనిపించని పూరక అక్షరం వాడతారు. అలాంటి పేరున్నవారిని స్నేహితులు వెతికి చేర్చుకోలేరు. దీనికి లాగౌట్లు పనిచేయవు, మామూలు అక్షరాలతో పేరు పెట్టుకోవడమే మార్గం.

తెలుగు లిపి మాటేమిటని మీ పాఠకులు అడగవచ్చు. మైన్‌క్రాఫ్ట్ జావా పేర్లలో దానికి చోటు లేదు. 2019లో గేమర్‌ట్యాగ్‌లను కొత్తగా తీర్చినప్పుడు బెంగాలీకి, దేవనాగరికి చోటిచ్చారు, తెలుగుకు ఇవ్వలేదు. ఇంతమంది తెలుగు పిల్లలు డబ్బు పెట్టి ఆడుతున్న ఆటలో తమ పేరు తమ లిపిలో రాసుకోలేకపోవడం న్యాయం కాదు. కంపెనీల అభిప్రాయ పేటికల్లో మనవాళ్లు ఈ మాట రాయాలి, పత్రికలు కూడా గొంతు కలపాలి.

చివరిగా తల్లిదండ్రులకు. పేరు మార్చడానికైనా, మారిన పేరు కనిపించేలా చేయడానికైనా మీ పాస్‌వర్డు, ఓటీపీ ఇంకొకరికి చెప్పాల్సిన అవసరం ఏ ఆటలోనూ లేదు. సర్వర్ అడ్మిన్‌కు కావలసింది పాత పేరు, కొత్త పేరు, యూయూఐడీ, అంతే. ఉచితంగా రీనేమ్ కార్డు ఇస్తామని వచ్చే లింకుల్లో లాగిన్ అడిగితే మూసేయండి. ఇప్పటికే వివరాలు ఇచ్చేసి ఉంటే ముందు ఈమెయిల్ పాస్‌వర్డు మార్చండి. ఆట అకౌంటును తిరిగి తెచ్చుకునే దారి ఆ మెయిలే కాబట్టి అది మొదట. తర్వాత ఆట అకౌంటు పాస్‌వర్డు మార్చి, అన్ని పరికరాల నుంచి సైన్ అవుట్ చేసి, రెండంచెల ధ్రువీకరణ పెట్టండి. డబ్బు పోయి ఉంటే ఆలస్యం చేయకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయాలి, జాతీయ సైబర్ నేరాల పోర్టల్‌లో ఫిర్యాదు నమోదు చేయాలి.

మీ సాంకేతిక పేజీలో కొత్త ఫోన్ల ధరలకు ఇచ్చే జాగాలో కొంత, ఇలాంటి సమస్యలను తెలుగులో మెట్టుమెట్టుగా విప్పి చెప్పడానికి కేటాయించాలని కోరుతున్నాను. పిల్లల లాగిన్ సమస్యలు, పోయిన అకౌంట్లు తిరిగి తెచ్చుకోవడం, ఆటల్లో తల్లిదండ్రుల నియంత్రణ సెట్టింగులు, ఈ మూడింటితో మొదలుపెట్టినా ఎన్నో ఇళ్లకు పనికొస్తుంది.

ఇట్లు,
మైన్‌క్రాఫ్ట్ సర్వర్ల నిర్వాహకుడు, మీ పాఠకుడు,
హనుమకొండ